జాప్యానికి సంజాయిషీ

"ఒక్క పేజీ చాలండీ" అన్నాడు లాయరబ్బాయి,
బ్రాడీపేటలో, మెట్ల కింద ఇరికించిన ఆఫీసులో.
"రిటైరై పదకొండేళ్లయ్యాక ఇప్పుడెందుకొచ్చారని
జడ్జిగారు ముందు అదే అడుగుతారు.
రోజు రోజుకీ లెక్క చెప్పాలి."

రోజు రోజుకీ.
సరే, రాస్తున్నాను.

నూతక్కి దయామణి అను నేను, వయస్సు అరవై తొమ్మిది,
గుంటూరు జిల్లా పరిషత్తులో టైపిస్టుగా చేరి
సీనియర్ అసిస్టెంటుగా దిగిపోయినదానను,
ప్రమాణపూర్వకంగా...

కలం అక్కడే ఆగింది.
ముప్పై మూడేళ్లు ఊళ్లోవాళ్ల ప్రమాణాలు కొట్టిన చేతులివి,
మూడు కార్బన్లు పెట్టి, మార్జిన్ తప్పకుండా.

తెలిసింది మొన్న నవంబరులో.
ట్రెజరీ వరండా, బతికే ఉన్నామని సంతకం పెట్టే క్యూ.
నా ముందు పఠాన్ ఖాజావలి,
నాకంటే పధ్నాలుగు నెలలు వెనక చేరినవాడు.
మోకాలి మీద పెన్షన్ పుస్తకం తెరిచాడు.
నేను చూడలేదు. కనబడింది.
"సూపరింటెండెంటుగా దిగాను కదక్కా,
నువ్వూ అంతే అనుకున్నా" అని
నాకంటే ఎక్కువ సిగ్గుపడ్డాడు.
మర్నాడు ప్రొసీడింగ్సు జిరాక్సు తెచ్చిచ్చాడు,
మంచినీళ్లు కూడా తాగకుండా వెళ్లిపోయాడు.

తప్పెక్కడుందో వెతికితే
సీనియారిటీ లిస్టులో, నా ప్రొబేషన్ తేదీలో
ఆరు ఉండాల్సిన చోట ఏడు.

అది టైపు చేసింది నేనే.

డ్రాఫ్టులో ఏడనే ఉంది.
వేలు ఒక్క క్షణం ఆగింది. ఇదీ రాయాలా?
టైపిస్టు దిద్దకూడదు, డ్రాఫ్టు డ్రాఫ్టే.
ఆ మధ్యాహ్నం యార్డు నుంచి మిరప ఘాటు కిటికీలోకి కొట్టి
సెక్షనంతా దగ్గుతోంది,
సాయంత్రానికి ఇరవై రెండు పేజీలు కావాలన్నారు.
ఏడు కొట్టాను.
అభ్యంతరాలుంటే పదిహేను రోజుల్లోగా, అని చివరి లైను.
అదీ నేనే కొట్టాను.

నెలకి రెండు వేల చిల్లర తేడా.
పాత బాకీ రాదట, నోషనల్ ఇస్తే ఇస్తారట.
నోషనల్ అంటే అయినట్టు అనుకోవడం.
తెల్ల టవలు కప్పిన ఆ కుర్చీలో
మూడేళ్లు కూర్చున్నట్టు
నేనూ అనుకోవాలి, ప్రభుత్వమూ అనుకోవాలి.

ఇంకొకటుంది, అడగకపోయినా రాస్తున్నాను.
బత్తుల ఇర్మియా, గోడౌను నైట్ వాచ్‌మన్.
అటెండరు పోస్టు తొమ్మిదేళ్ల కిందటే తనకి రావాలని
ఎవరిచేతో రాయించిన నాలుగు పేజీల అర్జీ తెచ్చాడు.
చెప్పులు బయట విడిచి నిలబడ్డాడు.
మా జవాబు ఒకటే లైను:
"మితిమీరిన జాప్యము వలన పరిశీలనార్హము కాదు."
సంతకం నాది కాదు.
కాకపోతే "మితిమీరిన" అన్నది డ్రాఫ్టులో లేదు.
లైను పొట్టిగా కనిపించిందని నేనే చేర్చాను.
నా సర్వీసు మొత్తంలో
డ్రాఫ్టులో లేని మాట కొట్టింది అదొక్కటే.

లాయరబ్బాయి చదివి
ఇర్మియా పేరాని ఎర్ర గీతతో కొట్టేశాడు.
"ఇది మనకే దెబ్బండీ."
వేలు ఆగిన సంగతీ కొట్టేశాడు.
మిగిలింది ఎనిమిది లైన్లు. అన్నీ నిజాలే.

తాడికొండ మీదుగా బస్సులో మూడుసార్లు వెళ్లొచ్చాను.
కౌంటరు వేయడానికి ప్రభుత్వానికి నాలుగు వారాలిచ్చారు,
మళ్లీ నాలుగు,
మళ్లీ.
ఆ సర్కారు లాయరు నావైపు చూసి
మర్యాదగా నవ్వాడు.

ఎర్ర గీతల కాగితం నా సంచిలోనే ఉంది.
ఇర్మియా ఉన్నాడో లేడో తెలీదు,
కూతురు సంగడిగుంటలో ఉందని విన్నాను.
ఆదివారం ప్రార్థనయ్యాక వెళ్లి అడుగుతాను.
ఏమని అడగాలో ఇంకా అనుకోలేదు.
ఆలస్యమైందని మటుకు తెలుసు.